అఫ్లాటాక్సిన్ అంటే ఏంటి? రిపోర్టులో ఆ మాట చదవడం దగ్గర్నుంచి ఇంట్లో పల్లీలు ఏరడం దాకా

మిర్చి కంటెయినర్ వెనక్కి పంపారనో, పాలల్లో ఏదో దొరికిందనో వార్త వచ్చినప్పుడల్లా ఈ మాట బయటికొస్తుంది. రెండు రోజులు ఫోన్లలో టెన్షన్ నడుస్తుంది, తర్వాత ఎవరి పల్లీ చట్నీ వాళ్లది. ఆ మాటకి అర్థం ఏంటి, ఎక్కడ వాడాలి, అది తెలిశాక ఇంట్లోనూ చేలోనూ ఏం చేయాలి అన్నది వరసగా చూద్దాం.

ముందు మాట సంగతి

1960లో ఇంగ్లండ్‌లో లక్షకు పైగా టర్కీ కోడిపిల్లలు ఉన్నట్టుండి చచ్చిపోయాయి. రోగం ఏమిటో తెలియక దానికి ‘టర్కీ ఎక్స్’ అని పేరు పెట్టారు. చివరికి తేలిందేంటంటే తప్పు దాణాలో ఉంది, బ్రెజిల్ నుంచి తెప్పించిన వేరుశనగ చెక్కకి (నూనె తీశాక మిగిలే పిప్పి) ఆస్పర్జిల్లస్ ఫ్లేవస్ అనే బూజు పట్టి, ఆ బూజు ఒక విషాన్ని తయారుచేసింది. ఆ బూజు పేరులో మొదటి పదం నుంచి తొలి అక్షరం, రెండో పదం నుంచి ‘ఫ్లా’ తీసుకుని, విషం అని చెప్పే ‘టాక్సిన్’ చివర తగిలించారు. అంతే, అఫ్లాటాక్సిన్.

ఇక్కడ చాలామంది తడబడే చోటు ఒకటుంది. బూజు వేరు, అది చేసే విషం వేరు. కాబట్టి ‘పంటకి అఫ్లాటాక్సిన్ సోకింది’ అనకండి, సోకేది బూజు, గింజలో చేరేది విషం. ‘పల్లీల్లో అఫ్లాటాక్సిన్ ఉంది’, ‘అఫ్లాటాక్సిన్ పరిమితి దాటింది’ అంటే సరిపోతుంది. ఇదేదో వ్యాకరణం పట్టింపు కాదు, ఈ తేడా తెలియకపోతే జనం బూజుని తుడిచేసి విషం పోయిందనుకుంటారు, కంటికి బూజు కనపడకపోతే సరుకు మంచిదనుకుంటారు. రెండూ తప్పే. బూజు చచ్చిపోయాక కూడా విషం గింజలోనే ఉంటుంది, దానికి రంగు కనపడదు, వాసన తెలియదు. అలాగని పచ్చగా కనిపించిన ప్రతి బూజూ ఈ విషం చేయదు, చూసి చెప్పడం ఎవరివల్లా కాదు, పరీక్ష చేయాల్సిందే.

ఇంకో మాట కూడా పక్కనే వినపడుతుంది, మైకోటాక్సిన్. అది ఇంటిపేరు లాంటిది, బూజులు చేసే విషాలన్నిటికీ కలిపి వాడతారు. అఫ్లాటాక్సిన్, ఆక్రాటాక్సిన్, ఫ్యూమోనిసిన్ అందులో ఒక్కొక్కరు. రిపోర్టులో మైకోటాక్సిన్లు అని ఉంటే ఏ ఒక్కదాని గురించో అడిగి తెలుసుకోండి.

బి1, జి1, ఎం1 అని ఉంటే ఎలా చదవాలి

అతినీలలోహిత కాంతి కింద పెడితే నీలంగా మెరిసేవి బి, ఆకుపచ్చగా మెరిసేవి జి. నీలానికీ ఆకుపచ్చకీ ఉన్న ఇంగ్లీషు పేర్లలో మొదటి అక్షరాలవి. మన ఫ్లేవస్ ముఖ్యంగా బి రకాలు చేస్తుంది, దాని బంధువు పారాసైటికస్ బి, జి రెండూ చేస్తుంది. ఎం1 గింజల్లో తయారయ్యేది కాదు, బి1 ఉన్న దాణా తిన్న ఆవు లేదా గేదె ఒంట్లో మారి పాలలోకి వచ్చేది.

వీటిలో అన్నిటికన్నా చెడ్డది బి1. కాలేయంలోకి వెళ్లాక అది మారే రూపం డీఎన్ఏకి అతుక్కుంటుంది, అందుకే అంతర్జాతీయ క్యాన్సర్ పరిశోధన సంస్థ అఫ్లాటాక్సిన్లని మొదటి గ్రూపులో, అంటే మనుషుల్లో క్యాన్సర్ తెస్తాయని రుజువైన వాటిలో పెట్టింది. కాలేయానికి సోకే హెపటైటిస్ బి వైరస్ ఉన్నవాళ్లకి ఈ ముప్పు ఇంకా చాలా ఎక్కువ, ఇంట్లో అలాంటివాళ్లుంటే కింద చెప్పేవి రెండింతలు పట్టించుకోండి. (హెపటైటిస్ బికి టీకా ఉంది, అది వేయించడం కూడా ఈ పనిలో భాగమే.)

మనదేశంలో ఇది పుస్తకాల్లో మాటగా మిగిలిపోలేదు. 1974లో రాజస్థాన్‌లోని బాంస్వాడా, గుజరాత్‌లోని పంచమహల్ జిల్లాల్లో కోతకి ముందు అకాల వర్షాలు పడి మొక్కజొన్న బూజుపట్టింది. వేరే తిండి లేని గిరిజన కుటుంబాలు అదే తిన్నాయి. 397 మందికి కామెర్లు, కడుపులో నీరు చేరడం, 106 మంది చనిపోయారు, వాళ్ల ఇళ్లలో అదే తిండి తిన్న కుక్కలకీ జబ్బు చేసింది. దాన్ని పరిశోధించి కారణం అఫ్లాటాక్సిన్ అని చెప్పింది హైదరాబాద్‌లోని జాతీయ పోషకాహార సంస్థ. అంత ఎక్కువ మోతాదు ఒక్కసారి ఒంట్లోకి వెళ్లడం అరుదు. మనకి మామూలుగా ఉండే బెడద కొద్దికొద్దిగా ఏళ్ల తరబడి తినడం.

ల్యాబ్ రిపోర్టు చేతికొస్తే

మొదట కొలత చూడండి. కిలోకి ఇన్ని మైక్రోగ్రాములు అనో, పీపీబీ అనో రాస్తారు, రెండూ ఒకటే. ఒక పీపీబీ అంటే వెయ్యి టన్నుల సరుకులో ఒక్క గ్రాము. ఇంత చిన్న లెక్క కాబట్టే దశాంశ బిందువు దగ్గర జాగ్రత్త కావాలి.

తర్వాత ఆ అంకె బి1దా, మొత్తం అఫ్లాటాక్సిన్లదా చూడండి. ఆ తర్వాత ఏ పరిమితితో పోలుస్తున్నారో చూడండి. మన ఆహార భద్రతా సంస్థ ప్రకారం ధాన్యాలు, పప్పులకి మొత్తం 15 పీపీబీ, నేరుగా తినే గింజలకి 10, మసాలా దినుసులకి 30, పాలలో ఎం1 అయితే 0.5. యూరప్‌లో నేరుగా తినే వేరుశనగకి మొత్తం 4, అందులో బి1 2 దాటకూడదు. ఎండుమిర్చికి మొత్తం 10, బి1 5. అంటే 20 ఉన్న మిర్చి గుంటూరులో పాసవుతుంది, అదే మిర్చి యూరప్ రేవులో ఆగిపోతుంది. ‘అక్కడ వద్దన్నవి మనకి పెడుతున్నారు’ అనే మెసేజ్‌ల వెనక సగం కథ ఇదే. కోపం రావడం న్యాయమే, కానీ రెండు అంకెలూ పక్కపక్కన పెట్టుకుని కోప్పడితే బాగుంటుంది.

‘కనపడలేదు’ అని రాస్తే సున్నా అనుకోకండి, ఆ యంత్రం పట్టగలిగినంత కన్నా తక్కువ అని అర్థం. ఆ కనిష్ఠ అంకె ఎంతో పక్కనే రాసి ఉంటుంది.

ఇంక అసలు చిక్కు శాంపిల్‌తో. ఈ విషం బస్తా అంతా సమానంగా పరుచుకుని ఉండదు, వందల గింజల్లో ఏదో ఒకటి రెండు గింజల్లో విపరీతంగా ఉండి మిగతావన్నీ శుభ్రంగా ఉంటాయి. పైనుంచి ఒక గుప్పెడు తీసి పంపితే ఆ గింజ పడితే ఫెయిల్, పడకపోతే పాస్, లాటరీ అన్నమాట. కాబట్టి ఒక్కో బస్తాలో పైన, మధ్యలో, అడుగున తీసి, అన్నీ కలిపి, నాలుగు భాగాలు చేసి, అందులోంచి కిలోకి తగ్గకుండా పంపండి, ఎక్కువైతే ఇంకా మంచిది. పరీక్షకి ముందు శాంపిల్ మొత్తం పిండి చేయమని చెప్పండి. తక్కువ ఖర్చులో ఎలీసా పద్ధతితో (యాంటీబాడీలతో విషాన్ని పట్టే పరీక్ష) చేసే కిట్లని పటాన్‌చెరులోని పంటల పరిశోధన సంస్థ ఇక్రిశాట్ ఎప్పుడో తయారుచేసింది, ప్రతిదానికీ ఖరీదైన యంత్రం దాకా వెళ్లక్కర్లేదు.

ఇంట్లో ఏం చేయాలి

విషం కొన్ని గింజల్లోనే ఉంటుంది అన్నది ల్యాబ్ వాళ్లకి తలనొప్పి, మనకి మాత్రం అదే వరం. ఏరి పారేస్తే చాలావరకు పోతుంది. మన అమ్మమ్మలు చేటలో పోసుకుని కూర్చుని చేసిన పనే ఇది, ఏ యంత్రమూ అక్కర్లేదు.

పల్లీలు కొనేటప్పుడు గుప్పెడు తీసి చూడండి, ముడుచుకున్నవి, పుచ్చినవి, రంగు మారినవి ఎక్కువుంటే రేటు ఎంత తక్కువైనా వద్దు. ముక్క వాసన వస్తే అసలు వద్దు. ఇంటికి తెచ్చాక వెలుతురులో పరిచి మూడు రకాలు తీసేయండి: ముడుచుకుపోయిన సన్న గింజలు, పురుగు తొలిచినవి, నల్లగానో పసుపుపచ్చగానో మచ్చపడ్డవి. వేయించి పొట్టు తీశాక ఇంకోసారి చూడండి, పొట్టు కింద దాక్కున్న మచ్చ అప్పుడే బయటపడుతుంది, బద్ద విడగొడితే లోపల బూజు కనిపించేవీ ఉంటాయి. నోట్లో వేసుకున్నది చేదుగా తగిలితే మింగకుండా ఉమ్మేయండి, ఇందులో మొహమాటం ఏమీ లేదు.

వేయిస్తే పోతుంది కదా అంటారు. కొంత తగ్గుతుంది, పూర్తిగా పోదు. ఈ విషం కరిగి విడిపోవాలంటే 230 డిగ్రీలు దాటాలి, మన అన్నం, పప్పు, కుక్కర్ ఏవీ దాని దరిదాపుల్లోకి వెళ్లవు. ఎండబెట్టి దులిపినా, కడిగినా గింజ లోపలిది అక్కడే ఉంటుంది. బూజు పట్టిన భాగం వరకూ గిల్లేసి మిగతాది వాడటం ఎండుకొబ్బరి విషయంలో మన ఇళ్లలో మామూలే, అది మానేయండి.

పొడులు ఇంకో సంగతి. కొన్న కారంలో ఏం కలిసిందో కంటికి తెలిసే మార్గం లేదు, రంగు తేలిపోయిన తాలు కాయలు చవగ్గా దొరుకుతాయి, పొడి కొట్టాక అన్నీ ఎరుపే. వీలైతే కాయలు కొని, తొడిమ దగ్గర చూసి, ఒకటి రెండు చీల్చి లోపల గింజల మధ్య బూజు లేదని చూసుకుని మర పట్టించుకోండి.

గానుగ నూనె ఆడించుకునేవాళ్లు ఈమధ్య బాగా పెరిగారు, మంచిదే. కాకపోతే రిఫైన్డ్ నూనె తయారీలో క్షారంతో శుద్ధి చేసేటప్పుడు ఈ విషం పోతుంది, గానుగలో ఆ మెట్టు ఉండదు. విషంలో ఎక్కువ భాగం చెక్కలోనే మిగిలినా కొంచెం నూనెలోకీ వస్తుంది. కాబట్టి తినడానికి పనికిరాని గింజల్ని ‘నూనెకి పనికొస్తాయిలే’ అని గానుగకి వేయకండి.

నిలవ చేసేది పూర్తిగా ఆరబెట్టి, గాలి చొరని డబ్బాలో. వర్షాకాలంలో నెలకి సరిపడా మాత్రమే తెచ్చుకోండి.

చేలో, కళ్లంలో

ఇంట్లో ఏరేది తర్వాత మాట, విషం మొదలయ్యేది పొలంలోనే. అనంతపురం వైపు వర్షాధార శెనక్కాయ పంటలో ఇది ఎందుకింత బెడద అంటే, కాయ గట్టిపడే చివరి వారాల్లో వాన మొహం చాటేస్తుంది, నేల వేడెక్కుతుంది, నీళ్లందని గింజకి తనని తాను కాచుకునే శక్తి తగ్గుతుంది, మట్టిలో ఉన్న బూజు కాయలోకి దూరుతుంది. బోరు ఉన్నవాళ్లు ఆ చివరి దశలో ఒక్క తడి ఇచ్చినా చాలా తేడా ఉంటుంది. పూత దశలో, ఊడలు (పువ్వు నుంచి నేలలోకి దిగి కాయ కట్టే కాడలు) దిగే ముందు ఎకరాకి 200 కిలోల జిప్సం వేస్తే కాయ పైపెంకు గట్టిగా వస్తుంది. ఊడలు దిగాక కలుపు తీస్తూ కాయలకి గాయం చేయొద్దు, గాయమే బూజుకి తలుపు. పక్వానికి రాగానే పీకేయండి, రేటు కోసమో కూలీల కోసమో నేలలో వదిలేసిన ప్రతిరోజూ నష్టమే.

పీకిన చెట్లని కాయలు పైకి ఉండేలా తిరగేసి ఎండనివ్వండి. పచ్చిమీదే పెద్ద వామి వేస్తే లోపల వేడీ తేమా కలిసి బూజుకి పండగ. కాయని ఊపితే లోపల గింజ గలగలమనాలి. లెక్క కావాలంటే తేమ మీటరుతో చూడండి, వేరుశనగ గింజలో 7 శాతం, మొక్కజొన్నలో 12 నుంచి 13, మిర్చిలో 10 నుంచి 11 దాటకూడదు.

కాయ ఒలిపించేటప్పుడు గింజ విరక్కుండా నీళ్లు చల్లే అలవాటుంది. ఎండబెట్టిన కష్టమంతా ఆ బకెట్ నీళ్లలో పోతుంది. మిర్చికీ ఇదే వర్తిస్తుంది, విరగకూడదని, బరువు కోసమని తడపడం మానేయాలి, కళ్లంలో నేలమీద కాకుండా టార్పాలిన్ మీద ఆరబోయాలి, రాత్రి మంచు పడకుండా కప్పాలి, పొద్దున్నే తీయాలి. తాలు కాయలు వేరే బస్తాలో పెట్టండి, మంచి కాయల్లో కలిపితే లాట్ మొత్తం పోతుంది. బస్తాల్ని గోడకి ఆనించకుండా చెక్కల మీద పెట్టండి.

ఏరి పారేసినవి ఏం చేయాలి

కోళ్లకీ గేదెలకీ మాత్రం వేయకండి. ఇక్కడే అందరూ చేయి జారేది. కోడిపిల్లలు, ముఖ్యంగా బాతులు, ఈ విషానికి మనకన్నా ముందు పడిపోతాయి. గేదె బయటికి బాగానే ఉన్నట్టు కనపడుతుంది, కానీ అది తిన్న బి1లో సుమారు 1 నుంచి 6 శాతం దాకా ఎం1గా పాలలోకి వస్తుంది, ఆ పాలు కాచినా పోదు. మీరు ఏరి పక్కన పెట్టినదే మళ్లీ పిల్లల గ్లాసులోకి చేరినట్టు. కాల్చేయండి, లేదా లోతుగా పాతిపెట్టండి.

చెక్క కొని దాణాలో వాడేవాళ్లు ముక్క వాసన వచ్చేదీ, గడ్డకట్టిందీ వెనక్కిచ్చేయాలి, ఎక్కువమొత్తంలో కొంటే రిపోర్టు అడగాలి. కోళ్ల ఫారాల్లో టాక్సిన్ బైండర్ అని కలుపుతారు, బెంటోనైట్ మట్టి లాంటివి పేగుల్లో విషాన్ని కొంతవరకు పట్టుకుని బయటికి పంపేస్తాయి, అయితే అది చెడ్డ దాణాని మంచిది చేయదు. పాలల్లో ఎం1 ఎక్కువుందని రిపోర్టు వస్తే భయపడి పశువుని అమ్మేయక్కర్లేదు, ఆ దాణా ఆపేసి మంచిది పెడితే మూడు నాలుగు రోజుల్లో పాలలో అది బాగా పడిపోతుంది. అప్పుడు ఇంకోసారి పరీక్ష చేయించి పాలు పోయండి.