సెలవుల్లో ఆటకు కూర్చునే ముందు: ఆటలోని పేరు విషయంలో జాగ్రత్తలు

మార్చి చివర్లో ఒక తండ్రి మా గేమింగ్ సెంటర్‌కు వచ్చి, గోడకు అంటించి ఉన్న ఒక కాగితాన్ని తీసేయమని అడిగారు. అది సంక్రాంతికి మేము నడిపిన ఫ్రీ ఫైర్ మ్యాక్స్ పోటీ ఫలితాల పట్టిక. ఆటలో పేరు, అసలు పేరు, చదువుతున్న కాలేజీ, ఫోన్ నంబరు అన్నీ ఒకే వరుసలో రాసి ఉన్నాయి, రాసింది నేనే. ఆయన కొడుకు ఇంటర్ మొదటి సంవత్సరం చదువుతున్నాడు. ఆటలో వాడి చేతిలో ఓడిపోయిన అపరిచితుడొకడు ఆ పేరును ఇన్‌స్టాగ్రామ్‌లో వెతికితే సరిగ్గా అదే పేరుతో ఖాతా దొరికింది. అందులో అక్కతో దిగిన ఫొటో ఉంది. ఆ ఫొటోను మార్ఫింగ్ చేసి, ఐదు వేలు పంపకపోతే కాలేజీ గ్రూపులో పెడతానని వాడు బెదిరించాడు. అబ్బాయి ఇంట్లో చెప్పకుండా రెండుసార్లు డబ్బు పంపి, మూడోసారి అడిగినప్పుడు తల్లి దగ్గర ఏడ్చాడు. కాలేజీ పేరు వాడికి నా కాగితం నుంచి తెలిసిందో, అబ్బాయి ప్రొఫైల్ నుంచి తెలిసిందో తేలలేదు. కాగితం చింపేశాను కానీ, దాని ఫొటోను నేనే వాట్సాప్ గ్రూపులో పెట్టి ఉన్నాను. అది ఎన్ని ఫోన్లలో మిగిలి ఉందో ఇప్పుడు లెక్క తేల్చలేను.

ఏప్రిల్ చివరి వారంలో బడులు మూసేస్తే మళ్లీ తెరిచేది జూన్ రెండో వారంలోనే. ఈ ఏడు వారాల్లో కొత్తగా ఆటలోకి దిగేవారు, కొత్త స్క్వాడ్‌లు కట్టేవారు, ఒకరి ఐడీ ఒకరికి పంచుకునేవారు మిగతా ఏడాదంతటికంటే ఎక్కువగా ఉంటారు. పాస్‌వర్డ్ చెప్పకూడదని, ఓటీపీ ఇవ్వకూడదని, తెల్లవారేదాకా ఆడకూడదని అందరికీ తెలుసు కాబట్టి వాటి జోలికి పోను. నేను చెప్పదలచుకున్నది ఒకే తప్పు గురించి. ఆటలో పెట్టుకున్న పేరునే ఇన్‌స్టాగ్రామ్‌లో, యూట్యూబ్‌లో, మెయిల్ ఐడీలో, చివరికి యూపీఐ ఐడీలో కూడా పెట్టుకోవడమే ఆ తప్పు. మా సెంటర్‌లో కూర్చుని కంటతడి పెట్టిన పిల్లల్లో దాదాపు అందరి కథా అక్కడే మొదలైంది.

పేరు పెట్టుకునేటప్పుడు

మన పిల్లలు ఆటలో పెట్టుకునే పేర్లు చదివితే సగం బయోడేటా చేతికొస్తుంది. అసలు పేరు, పుట్టిన సంవత్సరం, దాని వెనుక బండి నంబరులోని జిల్లా కోడు. ఏపీ 07 అని తోక ఉంటే గుంటూరు అని, ఏపీ 16 అని ఉంటే కృష్ణా అని బండి ఉన్న ఎవరైనా చెబుతారు. కొందరు ఇంటిపేరు, ఇంకొందరు కులం పేరు కూడా తగిలిస్తారు. ఇవేవీ ఆటలో గెలవడానికి పనికిరావు, ఎదుటివాడు మిమ్మల్ని వెతికి పట్టుకోవడానికి మాత్రమే పనికొస్తాయి. మీ గురించి ఒక్క ముక్క కూడా చెప్పని పేరు పెట్టుకోండి. మా దగ్గర వాలరెంట్ ఆడే ఒక కుర్రవాడు నాలుగేళ్లుగా ‘ఉప్పులేనిపప్పు’ అనే పేరుతో తిరుగుతున్నాడు. వాడెవరో, ఏ ఊరివాడో పక్క కుర్చీలో కూర్చున్నవాడికి తప్ప ఎవరికీ తెలియదు. అయితే అంత మంచి పేరును కూడా రేపు వాడు ఇన్‌స్టాగ్రామ్‌కు మోసుకుపోతే, పేరులో ఏమీ లేకపోయినా ఫలితం ఒక్కటే అవుతుంది.

పేరు మార్చుకుంటే పాత జాడ పోతుందనుకోవడం రెండో పొరపాటు. దాదాపు ప్రతి ఆటలోనూ పైకి కనిపించే పేరు ఒకటి ఉంటే, దాని కింద మారని గుర్తు ఇంకొకటి ఉంటుంది. కంప్యూటర్ ఆటలు అమ్మే స్టీమ్‌లో ప్రొఫైల్ పేరు రోజుకొకటి మార్చుకోవచ్చు కానీ ఖాతాకు ఇచ్చిన 17 అంకెల సంఖ్య మారదు, అంతకుముందు వాడిన పేర్లు కూడా ప్రొఫైల్‌లోనే కనిపిస్తాయి. ఆ పాత పేర్ల జాబితాను మనమే పనిగట్టుకుని తుడిచేయాలి. రోబ్లాక్స్‌లో పైకి కనిపించే డిస్‌ప్లే నేమ్ వేరు, అట్ గుర్తుతో మొదలయ్యే యూజర్‌నేమ్ వేరు. యూజర్‌నేమ్ మార్చడానికి 1000 రోబక్స్ (ఆ ఆటలోని డబ్బు) ఖర్చుపెట్టినా పాత పేరు ఏదో ఇతరులకు తెలుస్తూనే ఉంటుంది. మైన్‌క్రాఫ్ట్‌లో ఒక ఆటగాడు మొదటినుంచి మార్చుకుంటూ వచ్చిన పేర్లన్నీ 2022 దాకా ఎవరడిగినా దొరికేవి. ఆ తర్వాత కంపెనీ దాన్ని మూసేసినా, అప్పటికే నకలు తీసుకున్న సైట్లు తీసుకునే ఉన్నాయి. ఫ్రీ ఫైర్‌లో, బీజీఎంఐలో (పబ్జీకి మన దేశపు రూపం) పేరు మార్చే కార్డు కొనుక్కున్నా యూఐడీ, అంటే ఖాతాకు ఇచ్చిన సంఖ్య, అంకెలు అవే ఉంటాయి. కాబట్టి పేరు గురించి ఆలోచించాల్సింది ఖాతా తెరిచే రోజునే.

పేరు వెతికేటప్పుడు

స్నేహితుణ్ణి ఆటలో చేర్చుకోవాలంటే పేరుతో వెతకకండి, అంకెలతో వెతకండి. ఇంగ్లీషు పెద్ద ఐకి, చిన్న ఎల్‌కి, సున్నాకి, ఓ అక్షరానికి తెరమీద తేడా కనిపించదు. పైగా మనవాళ్లు పేరుకు ముందూ వెనుకా రెక్కలు, కిరీటాలు అతికిస్తారు. స్క్వాడ్ లీడర్ పేరునే అచ్చు దించి ఇంకొకడు రిక్వెస్ట్ పంపి, ‘ఖాతా మార్చాను, ఒకసారి లాగిన్ కోడ్ పంపు’ అంటే పిల్లలు అనుమానం లేకుండా పంపేస్తున్నారు. యూఐడీని ఎదురుగా కూర్చున్నప్పుడు చూసి రాసుకోవాలి, లేదా గొంతు గుర్తుపట్టి ఫోన్‌లో చెప్పించుకోవాలి. వాలరెంట్ లాంటి రయట్ కంపెనీ ఆటల్లో పేరు పక్కన హ్యాష్ గుర్తు తర్వాత చిన్న ట్యాగ్ ఉంటుంది. అది లేకుండా మనిషి దొరకడు కాబట్టి, పేరు నలుగురిలో చెప్పినా ట్యాగ్ మాత్రం స్నేహితులకే చెప్పండి. ఆటగాళ్లు మాట్లాడుకునే డిస్కార్డ్ యాప్‌లో ఇలాంటి నాలుగు అంకెల తోక ఉండేది. 2023లో దాన్ని తీసేసి ఒక్కొక్కరికి ఒక్కో ప్రత్యేకమైన పేరు ఇచ్చారు. అది స్నేహితులకు సులువైనట్టే వెంటపడేవారికీ సులువైంది.

వెతకడమనేది రెండువైపులా పదునున్న కత్తి. ఒక పేరు ఇస్తే, వందలాది సైట్లలో ఆ పేరుతో ఖాతాలున్నాయో లేదో నిమిషాల్లో చూపించే ఉచిత సాధనాలు ఉన్నాయి. 2010 జూలైలో వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ తయారుచేసే బ్లిజార్డ్ కంపెనీ, తన చర్చావేదికల్లో రాసేవారంతా అసలు పేర్లతోనే కనిపించాలని ప్రకటించింది. ఇందులో ప్రమాదమేమీ లేదని చూపించడానికి ఆ కంపెనీ ఉద్యోగి ఒకరు తన అసలు పేరును అక్కడ పెట్టారు. ఆటగాళ్లు ఆ ఒక్క పేరునే పట్టుకుని ఆయన ఫోన్ నంబరు, ఇంటి చిరునామా వరకు తవ్వి బయటపెట్టారు. కంపెనీ మూడు రోజుల్లో నిర్ణయాన్ని వెనక్కి తీసుకుంది. మన పిల్లలు అదే పనిని ఎవరూ అడగకుండానే, వెనక్కి తీసుకునే వీలు లేకుండా చేసుకుంటున్నారు.

ఆటలో తగాదా చిరునామా దాకా చేరితే ఏమవుతుందో 2017 డిసెంబరు 28న అమెరికాలోని విచిటాలో తేలింది. కాల్ ఆఫ్ డ్యూటీలో ఒకటిన్నర డాలరు పందెం దగ్గర ఇద్దరు ఆటగాళ్లు గొడవపడ్డారు. ఒకడు ఇంకొకణ్ణి రెచ్చగొడుతూ తానెప్పుడో ఖాళీ చేసిన ఇంటి చిరునామా ఇచ్చాడు. రెండోవాడి తరఫున మూడోవాడు పోలీసులకు ఫోన్ చేసి ఆ ఇంట్లో హత్య జరిగిందని అబద్ధం చెప్పాడు. పోలీసులు వెళ్లేసరికి తలుపు తీసిన 28 ఏళ్ల మనిషిని కాల్చి చంపారు. అతను ఆ ఆటలో లేడు, ఆ ఇద్దరూ ఎవరో అతనికి తెలియదు. ఫోన్ చేసినవాడికి 2019లో 20 ఏళ్ల జైలు శిక్ష పడింది. మన దగ్గర బెదిరింపు వేరే రూపంలో వస్తుంది, మార్ఫింగ్ ఫొటోగానో, తండ్రి ఫోన్‌కు అర్ధరాత్రి కాల్‌గానో వస్తుంది. అందుకే ఓడించినవాడి పేరును మీరు బయట వెతకకండి, వాడి అసలు పేరు తెలిసినా చాట్‌లో రాయకండి. రేపు సైబర్ పోలీసుల ముందు కూర్చోవాల్సింది మీ నాన్నగారే.

పేరు పంచేటప్పుడు

గిల్డ్ కోసమో, క్లాన్ కోసమో (ఆటగాళ్ల జట్లకు ఆటల్లో పెట్టిన పేర్లు) వాట్సాప్ గ్రూపులో చేరితే, అందులో ఉన్న రెండు మూడు వందల మంది అపరిచితులకు మీ ఫోన్ నంబరు కనిపిస్తుంది. చేరగానే ‘మీ గేమ్ నేమ్, యూఐడీ చెప్పండి’ అని అడుగుతారు, మీరు చెబుతారు. ఆ క్షణం నుంచి పేరూ నంబరూ ఒక్క తాడుకు కట్టినట్టే. ఆ నంబరు మీది కాకుండా అమ్మదో నాన్నదో అయితే ఇంకా అన్యాయం, ఎందుకంటే బ్యాంకు ఖాతా ఉన్నది ఆ నంబరుకే. పోటీల రిజిస్ట్రేషన్ ఫారాలదీ ఇదే దారి. ఆటలో పేరు, యూఐడీ, ఫోన్ నంబరు, బహుమతి పంపడానికి యూపీఐ ఐడీ అన్నీ అడిగి, ఆ జవాబుల షీటును లింకు ఉన్నవారందరికీ తెరిచి పెట్టే నిర్వాహకులను నేను చూశాను. పైన చెప్పినట్టు నేనూ అలాంటివాణ్ణే. యూఐడీ ఒక్కటే రహస్యం కాదు, ఆటలో ఖర్చుపెట్టే డైమండ్లు గానీ యూసీ గానీ టాప్‌అప్ చేయించుకోవాలన్నా అది చెప్పక తప్పదు. ఆ అంకెల పక్కన ఏం రాశారన్నదే అసలు సంగతి. పేరు పక్కన నంబరు, పేరు పక్కన కాలేజీ, పేరు పక్కన ఇన్‌స్టాగ్రామ్ ఖాతా: ఈ మూడు జోడీల్లో ఏది బయటపడినా మీరు బయటపడ్డట్టే.

ఆట తనంతట తానే మీకు కాపలా కాస్తుందని నమ్మకండి. ఫోర్ట్‌నైట్ ఆటలో పిల్లల ఖాతాల పేర్లు అపరిచితులకు కనబడుతూ, మాటల చాటింగ్ మొదటినుంచే తెరిచి ఉండేదని అమెరికా ప్రభుత్వ సంస్థ ఎఫ్‌టీసీ ఆరోపించింది. పిల్లల గోప్యతకు సంబంధించిన ఆ కేసులో 27.5 కోట్ల డాలర్ల జరిమానా కట్టడానికి ఆ ఆట తయారుచేసే ఎపిక్ కంపెనీ 2022 డిసెంబరులో ఒప్పుకుంది. సెట్టింగులు ఎటువైపు తిరిగి ఉన్నాయో మీరే తెరిచి చూసుకోవాలి.

ఇక మిగిలినవి వరుసగా చెబుతాను, పద్దులుగా విడదీసే ఓపిక లేదు.

మీ ఆట పేరును ఈ రాత్రే కొటేషన్ గుర్తుల మధ్య పెట్టి గూగుల్‌లో వెతకండి. ఆటకు సంబంధం లేని ఒక్క ఫలితం వచ్చినా, అక్కడి పేరు మార్చండి.

స్టీమ్‌లో లాగిన్ అయ్యే పేరు వేరు, ప్రొఫైల్ పేరు వేరు, కాబట్టి రెండింటికీ ఒకే పేరు పెట్టకండి. రోబ్లాక్స్‌లో మాత్రం అందరికీ కనిపించే యూజర్‌నేమ్‌తోనే లాగిన్ కావచ్చు, అంటే తాళంలో సగం ముందే బయట ఉన్నట్టు. ఆ ఖాతాకు రెండంచెల తనిఖీ తప్పనిసరి.

గెలిచిన స్క్రీన్‌షాట్ స్టేటస్‌లో పెట్టేముందు మిగతా ముగ్గురి పేర్లు చెరిపేయండి. అవి మీ పేర్లు కావు.

లైవ్ స్ట్రీమ్ చేసేటప్పుడు లాబీ తెర (ఆట మొదలయ్యేముందు వేచి ఉండే తెర) చూపించకండి. నోటిఫికేషన్లు ఆపేయండి.

బడి యూనిఫాం ఉన్న ఫొటోను ఆట ప్రొఫైల్‌కు పెట్టకండి. తమ్ముడిది కూడా పెట్టకండి.

‘పేరు చెప్పు, ఉచితంగా డైమండ్లు పంపుతా’ అన్నవాడికి పేరు కూడా చెప్పకండి.

చిన్న పేరు, అందమైన పేరు, ఎవరికీ లేని పేరు మీ దగ్గర ఉంటే ఎక్కడా గొప్పలు చెప్పుకోకండి. అలాంటి పేర్లను కొనేవారూ ఉన్నారు, లాక్కునేవారూ ఉన్నారు.

ఆట పేరుతో ఇన్‌స్టాగ్రామ్ ఖాతా తెరవకండి. ఆ పేరుతో మెయిల్ తెరవకండి. ఆ పేరుతో యూపీఐ ఐడీ అసలే వద్దు, ఎందుకంటే డబ్బు పంపబోయేవాడి తెరమీద బ్యాంకులో ఉన్న అసలు పేరు కనిపిస్తుంది.

ఎవరైనా బెదిరిస్తే ముందు బ్లాక్ చేయకండి, ముందు స్క్రీన్‌షాట్ తీయండి. వాడి పేరు ఒక్కటే చాలదు, ప్రొఫైల్ తెరిచి మారని అంకెలు కనిపించేలా తీయండి. పేరు వాడు రేపటికల్లా మారుస్తాడు.

డబ్బు పంపకండి. పంపి ఉంటే ఇంకోసారి పంపకండి. సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి వెంటనే ఫోన్ చేయండి, ఎంత ఆలస్యమైతే ఆ డబ్బు ఆగే అవకాశం అంత తగ్గుతుంది. డబ్బు పోకపోయినా జాతీయ సైబర్ క్రైమ్ పోర్టల్‌లో ఫిర్యాదు రాయండి. పిల్లవాడు చెప్పుకోలేక నలిగిపోతుంటే పిల్లల హెల్ప్‌లైన్ 1098 ఉంది.

తల్లిదండ్రులు కొట్టకండి, ఫోన్ లాక్కోకండి. లాక్కుంటే సాక్ష్యం పోతుంది, రెండోసారి ఏదైనా జరిగితే పిల్లవాడు మీకు చెప్పడు.

పేరు పక్కన నంబరు రాయకండి. అడిగినా రాయకండి. బహుమతి ఇస్తామన్నా రాయకండి.

మీ ఊళ్లో ఈ వేసవిలో ఎవరు పోటీ పెట్టినా వెళ్లి ఫలితాల పట్టిక చూడండి. మీ పిల్లవాడి ఆట పేరు పక్కన ఇంకేదైనా రాసి ఉంటే అడగకుండా పెన్ను తీసి కొట్టేయండి, అది మా సెంటర్ గోడమీదదైనా సరే.