పెద్దమ్మ ముఖంతో ముప్పై అయిదు సెకన్ల సినిమా

కావాల్సినవి: ఒక ఫోన్, ఒక స్టూలు, నటన రాని మనిషి ఒకరు. నాకు మా పెద్దమ్మ దొరికింది.

ముఖం ఒక్కటే, పక్కన చూపించే వస్తువును బట్టి అందులో భావం మారినట్టు కనబడుతుంది. ఈ కిటుకు నాది కాదు. సుమారు వందేళ్ల కిందట రష్యాలో లెవ్ కులెషోవ్ అనే సినిమా దర్శకుడు చేసి చూపించాడు. ఇవాన్ మొజూఖిన్ అనే నటుడి ముఖం ఒక్కటే షాటు. దాని పక్కన సూప్ గిన్నె పెడితే జనానికి ఆకలి కనబడింది, శవపేటిక పెడితే దుఃఖం కనబడింది అంటారు.

ముందు ముఖం తీయండి. కిటికీ పక్కన కూర్చోబెట్టి, స్టూలు వైపు చూడమనండి. స్క్రీన్ మీద వేలు నొక్కి పట్టుకుని ఫోకస్, వెలుతురు లాక్ చేయండి. ట్యూబ్‌లైట్ వద్దు. మన కరెంటు 50 హెర్ట్జ్ కదా, ఆ లైటు సెకనుకు 100 సార్లు మిణుకుతుంది. మన కంటికి తెలియదు గానీ ఫోన్‌కు తెలుస్తుంది. నా మొదటి టేకు నిండా నల్లచారలే. తప్పదనుకుంటే కెమెరా ప్రో మోడ్‌లో (సెట్టింగులు మనమే మార్చుకునే చోటు) షటర్ వేగం 1/50 సెకను పెట్టండి.

అసలు కష్టం ఇది కాదు. కెమెరా అనగానే పెద్దమ్మ కొంగు సర్దుకుని పెళ్లి ఫొటోకు నిలబడ్డట్టు నవ్వింది. "మామూలుగా ఉండు" అంటే ఇంకా బిగుసుకుపోయింది. చివరికి, "మనసులో పదమూడో ఎక్కం చదువుకో పెద్దమ్మా" అన్నా. నవ్వు జారిపోయింది, పెదవులు కొంచెం విడివడ్డాయి, ముక్కుపుడక మీద వెలుతురు నిలిచిపోయింది. అదే కావాలి. రెప్ప వేయని నాలుగు సెకన్లు కత్తిరించుకోండి. రెప్ప పడితే అది ప్రతిసారీ అక్కడే పడి, గుట్టు బయటపడుతుంది.

తర్వాత అదే స్టూలు మీద, ఆమె కంటి ఎత్తు నుంచి, మూడు సెకన్ల చొప్పున మూడు వస్తువులు: ఆవకాయ అన్నం, పెదనాన్న కళ్లజోడు, పసిపిల్లల పట్టీలు. ముఖం, వస్తువు, మళ్లీ అదే ముఖం, ఇలా మూడుసార్లు. మధ్యలో ఒక్కో సెకను చీకటి. సంగీతం పెట్టకండి, ఏమనుకోవాలో అదే చెప్పేస్తుంది. ఫ్యాను చప్పుడు చాలు.

చూపించేటప్పుడు "బాధగా ఉందా?" అని అడగొద్దు. "ఏం చూశావ్?" అనండి. కళ్లజోడు షాటు రాగానే మా చెల్లి ఫోన్ పక్కన పెట్టేసింది. పెద్దమ్మ మాత్రం రెండుసార్లు చూసి, "నేనెప్పుడు ఏడ్చానురా? పదమూడెనిమిదులు ఎంతో గుర్తురాక ఆగా, అంతే" అంది.