రాజ్య పురస్కార్ టెస్టింగ్ క్యాంపు: దరఖాస్తు పెట్టే ముందు విశాఖ పిల్లలు చూసుకోవాల్సినవి

మీ పిల్లలు స్కౌట్స్ అండ్ గైడ్స్‌లో తృతీయ సోపాన్ పూర్తి చేశారా? తర్వాతి మెట్టు రాజ్య పురస్కార్, గవర్నర్ గారి సంతకంతో వచ్చే సర్టిఫికెట్. దీనికి దరఖాస్తు మనం ఇంట్లో కూర్చుని పంపేది కాదు. యూనిట్ నడిపే స్కౌట్ మాస్టర్ గారో గైడ్ కెప్టెన్ గారో పెడితే జిల్లా సంఘం ద్వారా రాష్ట్రానికి వెళ్తుంది. కేంద్రీయ విద్యాలయాలు, రైల్వే యూనిట్లు మాత్రం భారత్ స్కౌట్స్‌లో విడి రాష్ట్రాల లెక్క, వాళ్ల దారి వేరు. కాబట్టి రైల్వే క్వార్టర్స్‌లో ఉండే స్నేహితుడి ఫారం చూసి మీది నింపకండి.

అన్నిటికంటే ముందు తేదీలు. చేరినప్పటి మొదటి మెట్టు ప్రవేశ్ నుంచి తృతీయ సోపాన్ దాకా ఒక్కో మెట్టుకీ మధ్య ఇంత కాలం గడవాలని నియమం ఉంది, అందుకే ఫారంలో తేదీ, లాగ్ బుక్‌లో (పిల్లలు చేసిన పనులు రాసుకునే పుస్తకం) తేదీ, సర్టిఫికెట్‌లో తేదీ ఒకటే ఉండాలి. మా అమ్మాయికి ద్వితీయ సోపాన్ తేదీ రెండు చోట్ల రెండు రకాలుగా పడింది, గడువుకి రెండు రోజుల ముందు చూసుకుని, బదిలీ అయిన పాత కెప్టెన్ గారి సంతకం కోసం గాజువాక నుంచి మధురవాడ పరిగెత్తాం. ఆ టెన్షన్ మీకొద్దు. పేరు కూడా స్కూల్ రికార్డులో ఉన్నట్టే, ఇంటిపేరుతో సహా రాయండి.

ఇక టెస్టింగ్ క్యాంపులో పరీక్షించే వాటి ప్రాక్టీసు. ముడులు పుస్తకంలో చూస్తే రావు, చేతికి రావాలి. స్క్వేర్ లాషింగ్‌లో, అంటే నిలువు కర్రకి అడ్డ కర్రని తాడుతో కట్టేటప్పుడు, నిలువు కర్రకి క్లోవ్ హిచ్ ముడి వేసి మూడు చుట్లు బాగానే చుడతారు, కానీ రెండు కర్రల మధ్య నుంచి తాడు లాగి బిగించే ఫ్రాపింగ్ దగ్గర వదులు చేస్తారు. కట్టాక కర్ర పట్టుకుని ఊపి చూడండి, కదిలితే విప్పి మళ్లీ కట్టాల్సిందే.

దిక్కుల దగ్గర మన ఊరి పిల్లలు ప్రత్యేకంగా పొరబడతారు. సముద్రం కదా అని చెయ్యి చాపి తూర్పు అనేస్తారు. ఆర్కే బీచ్‌లో సముద్రానికి ఎదురుగా నిలబడితే మీ ముఖం ఉన్నది ఆగ్నేయానికి! ఒక సాయంత్రం కంపాస్ పట్టుకెళ్లి, పదహారు దిక్కులూ ఇసుకలో గీయించండి.

లాగ్ బుక్ మాత్రం పిల్లలే రాయాలి, దయచేసి మీరు రాసివ్వకండి. బీచ్‌లో ప్లాస్టిక్ ఏరామని ఉంటే ఏ పూట, ఎంతమంది, ఏరిందంతా ఎక్కడ వేశారని క్యాంపులో పరీక్షించేవాళ్లు అడుగుతారు, నిజంగా ఏరిన పిల్ల తడుముకోకుండా చెబుతుంది.