గృహరుణం అసలు ఖరీదు ఎంతో లెక్క వేసుకోవడం ఎలా?

మన వైపు అప్పు మాట వస్తే ఇప్పటికీ నూటికి నెలకు ఎన్ని రూపాయలన్న లెక్కే చెబుతారు. రెండు రూపాయల వడ్డీ అంటే ఏడాదికి 24 శాతం, రూపాయి వడ్డీ అంటే 12 శాతం. ఆ లెక్కన 8.5 శాతానికి దొరికే గృహరుణం డెబ్బై పైసల వడ్డీ పైన కాస్త చిల్లర, అంతే. "డెబ్బై పైసలకు బయట ఎవరిస్తారండీ?" అన్న మాట ఇల్లు కొనే ప్రతి కుటుంబంలోనూ వినిపిస్తుంది. ఆ మాటలో అబద్ధం లేదు. అయితే నోటు రాసి తెచ్చిన అప్పు మూడేళ్లకు కాలదోషం పడుతుంది కాబట్టి ఆ లోపే తీర్చడమో నోటు తిరగరాయడమో జరుగుతుంది. గృహరుణం మాత్రం ఇరవై ఏళ్లు, ముప్పై ఏళ్లు మన జీతం పక్కనే కూర్చుంటుంది. దాని ఖరీదును పెంచేది రేటు కంటే ఎక్కువగా కాలం. అందుకే బ్యాంకు చెప్పే ఈఎంఐ అంకె దగ్గర ఆగిపోకుండా, సంతకం పెట్టే ముందే ఒక సాయంత్రం కాగితం, క్యాలిక్యులేటర్ ముందు పెట్టుకుని ఈ లెక్క పూర్తిగా వేసుకోవాలి.

మొదటి వాయిదాను విప్పి చూడండి

50 లక్షల రుణం, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు అనుకుందాం. ఈఎంఐ 43,391 రూపాయలు వస్తుంది. ఏ నెలలోనైనా వడ్డీ భాగం తెలియాలంటే ఆనాటికి మిగిలిన అసలును వడ్డీ శాతంతో గుణించి 1200తో భాగించాలి. మొదటి నెల ఆ వడ్డీ 35,417 రూపాయలు. కట్టిన 43,391లో అది పోగా అసలుకు జమ అయ్యేది 7,974 రూపాయలు మాత్రమే. రెండో నెలకు అసలు 49,92,026కు దిగుతుంది, దాని మీద వడ్డీ 35,360, అసలుకు జమ 8,031. ఇలా నెలకు యాభై అరవై రూపాయల చొప్పున మొదలై అసలు భాగం నత్తనడకన పెరుగుతూ పోతుంది.

ఈ నడక ఎంత నెమ్మదో మూడు మైలురాళ్ల దగ్గర ఆగి చూస్తే తెలుస్తుంది. అయిదేళ్లు పూర్తయ్యే సరికి మీరు కట్టిన సొమ్ము 26 లక్షలు దాటుతుంది, అసలు మాత్రం 44.06 లక్షల దగ్గర నిలిచి ఉంటుంది. అంటే 20 లక్షలకు పైగా వడ్డీకే పోయింది. ఈఎంఐలో వడ్డీ కంటే అసలు వాటా ఎక్కువయ్యేది దాదాపు పన్నెండో ఏడాది ముగిసే ముందు. తెచ్చిన 50 లక్షల్లో సగం తీరేది 13 ఏళ్ల 10 నెలలకు. పదేళ్లు కట్టాం కాబట్టి సగం తీరిపోయి ఉంటుందనుకుని ఇల్లు అమ్మకానికి పెట్టినవారు బ్యాంకు ఇచ్చిన బకాయి కాగితం చూసి తెల్లబోయేది ఇందుకే. ఇందులో బ్యాంకు మోసమేమీ లేదు, తగ్గుతున్న అసలు మీద వడ్డీ కట్టే లెక్క స్వభావమే అది. రుణం మంజూరైనప్పుడు ఇచ్చే వాయిదాల షెడ్యూలులో ఈ వరుసలన్నీ ఉంటాయి. దాన్ని అడిగి తీసుకుని 60వ, 120వ, 180వ నెలల దగ్గర పెన్సిలుతో గుర్తు పెట్టుకోండి.

గడువు పెరిగితే ఈఎంఐ ఎంత తగ్గుతుంది, వడ్డీ ఎంత పెరుగుతుంది?

అదే రుణానికి 15 ఏళ్ల గడువు పెడితే ఈఎంఐ 49,237, మొత్తం వడ్డీ 38.6 లక్షలు. 20 ఏళ్లకు మొత్తం వడ్డీ 54.1 లక్షలు. 30 ఏళ్లకు ఈఎంఐ 38,446కు తగ్గుతుంది కానీ వడ్డీ 88.4 లక్షలవుతుంది. ఇరవై నుంచి ముప్పైకి వెళ్లినందుకు నెలకు మిగిలేది 5 వేల లోపు, దానికి ప్రతిగా అదనంగా పోయే వడ్డీ 34 లక్షలు. రేటులో అర శాతం తేడా కోసం నాలుగు బ్యాంకులు తిరిగేవారు గడువు విషయంలో బ్యాంకు ఉద్యోగి వేసిన అంకెకు తలూపడం నాకు ఎప్పుడూ ఆశ్చర్యంగానే ఉంటుంది. ఆ అర శాతం, అంటే 8.5కు బదులు 9 శాతమైతే, ఇరవై ఏళ్లలో పెరిగే భారం సుమారు 3.8 లక్షలు. అది చిన్న మొత్తమని అనను, కానీ గడువు తేడా ముందు అది ఏ మూలకూ రాదు.

ఫ్లోటింగ్ రేటు కదిలినప్పుడు

పై లెక్కలన్నీ రేటు కదలదన్న ఊహ మీద వేసినవి. బ్యాంకులు 2019 అక్టోబరు 1 నుంచి కొత్తగా ఇచ్చిన ఫ్లోటింగ్ రేటు (మధ్యలో మారుతూ ఉండే వడ్డీ రేటు) గృహరుణాలను బయటి ప్రామాణిక రేటుకు ముడిపెట్టాలి, ఎక్కువ బ్యాంకులు ఇందుకు రిజర్వు బ్యాంకు రెపో రేటునే, అంటే అది బ్యాంకులకు ఇచ్చే అప్పు మీద వేసే వడ్డీ రేటునే, ఎంచుకున్నాయి. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు ఆ రెపో 4 శాతం నుంచి 6.5 శాతానికి పెరిగింది. 6.7 శాతానికి 20 ఏళ్ల గడువుతో 50 లక్షలు తీసుకున్న కుటుంబాన్ని ఊహించండి. ఈఎంఐ 37,870. ఏడాది కట్టాక మిగిలిన అసలు సుమారు 48.77 లక్షలు. అప్పటికి రేటు రెండున్నర శాతం పెరిగి 9.2 అయిందనుకుంటే నెల వడ్డీయే 37,389 రూపాయలు. ఈఎంఐ కదలకుండా ఉంచితే అసలుకు జమ అయ్యేది నెలకు 481 రూపాయలు. ఆ వేగంతో అప్పు తీరడానికి ఇంకా 572 నెలలు, అంటే 47 ఏళ్ల పైచిలుకు పడుతుంది. రుణగ్రహీత వయసును బట్టి బ్యాంకు అంత దూరం పోనివ్వదు, ఏదో ఒక దశలో ఈఎంఐ పెంచుతుంది. కానీ ఆలోపు నెలలెన్నో వడ్డీలో కరిగిపోతాయి. నెలనెలా ఖాతా నుంచి పోయే సొమ్ము మారలేదు కదా అని ఎస్ఎంఎస్ చూసి ఊరుకున్నవారికి గడువు పెరిగిన సంగతే తెలియలేదు.

రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో ఇచ్చిన ఆదేశాల ప్రకారం రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంత పెంచుకోవాలా అన్నది ఎంచుకునే అవకాశం రుణగ్రహీతకు ఇవ్వాలి. మిగిలిన వాయిదాలెన్నో చూపే స్టేట్‌మెంటు మూడు నెలలకోసారి అందుబాటులో ఉంచాలి. ఆ స్టేట్‌మెంటులో మీరు చూడవలసింది ఒకే ఒక్క అంకె, మిగిలిన నెలల సంఖ్య. మూడు నెలల్లో అది మూడు తగ్గకపోతే బ్యాంకుకు రాతపూర్వకంగా అడగండి. 2025లో రెపో 6.5 నుంచి 5.25 శాతానికి దిగింది. ఇలా రేటు తగ్గిన కాలంలో పాత ఈఎంఐనే కొనసాగిస్తే గడువు వేగంగా తగ్గుతుంది. గృహరుణ సంస్థలు మాత్రం రెపోకు ముడిపెట్టనక్కర లేదు, తమ సొంత ప్రామాణిక రేటు మీద ఇస్తాయి కాబట్టి అక్కడ తగ్గింపు మీదాకా వచ్చిందో లేదో మరింత జాగ్రత్తగా చూసుకోవాలి.

ఈఎంఐలో కనిపించని ఖర్చులు

65 లక్షలకు హైదరాబాదు శివార్లలో నిర్మాణం పూర్తయిన ఫ్లాటు కొంటున్నారనుకుందాం. రుణం 30 లక్షలు దాటి 75 లక్షల లోపు ఉంటే ఇంటి విలువలో 80 శాతానికి మించి ఇవ్వరాదన్నది నిబంధన. 50 లక్షలు రుణంగా తీసుకుంటే 15 లక్షలు చేతి నుంచి పెట్టుకోవాలి. దాని మీద రిజిస్ట్రేషను ఖర్చు. తెలంగాణలో స్టాంపు సుంకం 5.5, బదిలీ సుంకం 1.5, రిజిస్ట్రేషను రుసుము 0.5, కలిపి 7.5 శాతం, ఆంధ్రప్రదేశ్‌లో విడివిడి శాతాలు వేరైనా మొత్తం 7.5 శాతమే. 65 లక్షలకు అది 4,87,500 రూపాయలు. ఈ మొత్తాన్ని ఇంటి విలువలో కలిపి రుణం ఇవ్వరు కాబట్టి ఇదీ చేతి సొమ్మే. నిర్మాణంలో ఉన్న ఫ్లాటు అయితే 5 శాతం జీఎస్టీ అదనం, అంటే మరో 3.25 లక్షలు. ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ (నివసించడానికి ఇచ్చే అనుమతి పత్రం) వచ్చాక అమ్మే ఫ్లాటుకు జీఎస్టీ లేదు. 50 లక్షలు, అంతకు మించిన కొనుగోలులో మినహాయించే 1 శాతం టీడీఎస్ (అమ్మేవారి తరఫున ముందుగానే ప్రభుత్వానికి కట్టే పన్ను) మాత్రం అదనపు ఖర్చు కాదు, అమ్మేవారికిచ్చే సొమ్ములోంచే కోసి కట్టాలి.

నిర్మాణంలో ఉన్న ఇంటికి ఇంకో చిక్కుంది. బిల్డరుకు దశలవారీగా విడుదలైన సొమ్ము మీద ముందుగా వడ్డీ మాత్రమే కడతారు, దీన్నే ప్రీ ఈఎంఐ అంటారు. 30 లక్షలు విడుదలై రెండేళ్లు అలాగే సాగితే నెలకు 21,250 చొప్పున 5.1 లక్షలు పోతాయి, అసలు ఒక్క రూపాయి తగ్గదు. ఆ కాలమంతా అద్దె కూడా కడుతూనే ఉంటారు. ఒప్పందంలో రాసిన తేదీకి మరో ఏడాది కలిపి లెక్క వేసుకోవడం మంచిదని నా అభిప్రాయం.

రుణం వైపు ప్రాసెసింగ్ ఫీజు, న్యాయవాది పరిశీలన, విలువ కట్టే ఇంజినీరు ఫీజు, దస్తావేజులు తాకట్టు పెట్టినందుకు సబ్‌రిజిస్ట్రార్ కార్యాలయంలో అయ్యే ఖర్చు ఉంటాయి. వీటి కంటే బరువైనది బీమా. నేను నా రుణం కాగితాల మీద సంతకాలు పెట్టిన రోజున, పేజీలు చకచకా తిప్పుతుంటే మంజూరైన మొత్తం నేను అడిగిన దానికంటే లక్షన్నర ఎక్కువగా కనిపించింది. అడిగితే, ఒకేసారి ప్రీమియం కట్టే రుణ బీమాను రుణంలోనే కలిపామని, "అందరూ తీసుకుంటారు సార్" అని జవాబు వచ్చింది. ఆ లక్షన్నర మీద 8.5 శాతం లెక్కన నెలకు 1,302 చొప్పున ఇరవై ఏళ్లు కడితే 3.12 లక్షలవుతుంది. కుటుంబానికి రక్షణ అవసరమే, కానీ రుణం ఇచ్చినవారి దగ్గరే ఆ పాలసీ కొనాలన్న నిబంధన లేదు. విడిగా టర్మ్ పాలసీ తీసుకుని ఏటా ప్రీమియం కడితే దాని మీద వడ్డీ పడదు.

ఈ ఖర్చులన్నీ కలిపి పోల్చడానికి ఒక మంచి సాధనం వచ్చింది. 2024 అక్టోబరు 1 నుంచి ప్రతి రిటైల్ రుణానికీ ముఖ్య వివరాల పత్రం, అంటే కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ ఇవ్వాలి, అందులో రుణ సంస్థ ద్వారా వసూలయ్యే ఖర్చులను కలుపుకున్న ఏపీఆర్ అనే వార్షిక రేటు ఉంటుంది. రెండు బ్యాంకులను పోల్చేటప్పుడు ప్రకటనలోని రేటును కాకుండా ఈ ఏపీఆర్‌నే పక్కపక్కన పెట్టి చూడండి.

ఇంటి నిర్వహణను కూడా మరవకూడదు. 1,300 చదరపు అడుగులకు అడుగుకు 3 రూపాయల మెయింటెనెన్స్ అంటే నెలకు 3,900. అది పెరగదనుకున్నా ఇరవై ఏళ్లకు 9.36 లక్షలు. ఆస్తి పన్ను, రంగులు, మోటారు మరమ్మతులు వేరు. నిజానికి ఇవి రుణం ఖర్చులు కావు, కానీ జీతంలోంచి ఈఎంఐ పోయాక మిగిలే సొమ్ములోంచే రావాలి.

పన్ను, ధరల పెరుగుదల

వడ్డీకి పన్ను మినహాయింపు ఉందిగా అనేవారు ముందు తాము ఏ పన్ను విధానంలో ఉన్నారో చూసుకోవాలి. పాత విధానంలో సొంతంగా నివసించే ఇంటికి ఏడాదికి 2 లక్షల వరకే వడ్డీ మినహాయింపు. మన ఉదాహరణలో మొదటి ఏడాది వడ్డీ 4.21 లక్షలు, అంటే సగానికి పైగా లెక్కలోకే రాదు. 30 శాతం శ్లాబులో ఉన్నవారికి సెస్సుతో కలిపి ఏడాదికి మిగిలేది గరిష్ఠంగా 62,400. కొత్త విధానంలో సొంత నివాసానికి ఈ మినహాయింపే లేదు.

లెక్క రెండో వైపు కూడా న్యాయంగా చూడాలి. ధరలు ఏటా 5 శాతం పెరుగుతాయనుకుంటే ఇరవయ్యో ఏట కట్టే 43,391 రూపాయలు ఈనాటి 16,350 రూపాయలతో సమానం. 54 లక్షల వడ్డీ అన్న అంకె భయపెట్టేంత బరువైనది కాకపోవడానికి కారణం ఇదే. అద్దె ఏటా పెరుగుతుంది, రేటు కదలనంత వరకు ఈఎంఐ పెరగదు.

ముందుగా కట్టడం

వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ రేటు గృహరుణాన్ని ముందుగా తీర్చినా, కొంత కట్టినా బ్యాంకులు జరిమానా వేయకూడదు. ఏటా ఒక ఈఎంఐ అదనంగా కడితే మన ఉదాహరణలోని 20 ఏళ్ల అప్పు 16 ఏళ్ల 9 నెలల్లో తీరుతుంది, వడ్డీలో సుమారు 10 లక్షలు మిగులుతాయి. మొదటి ఏడాది చివర 5 లక్షలు ఒకేసారి కడితే దాదాపు 16 లక్షల వడ్డీ తప్పుతుంది. అదే 5 లక్షలు పన్నెండో ఏడాది చివర కడితే తప్పేది 4 లక్షల పైచిలుకు. ఈ తేడా చూసి మొదటిది మహా లాభమనుకోకండి, రెండింటిలోనూ మీ సొమ్ముకు వచ్చే ప్రతిఫలం ఏడాదికి 8.5 శాతమే, మొదటి దానికి ఎక్కువ ఏళ్లు దొరికాయి, అంతే. ఆ ప్రతిఫలం మీద పన్ను లేదు కాబట్టి ఫిక్స్‌డ్ డిపాజిట్ కంటే అది మెరుగు. కానీ రెండు రూపాయల నోటు అప్పో, క్రెడిట్ కార్డు బకాయో ఉంటే ముందు అదే తీర్చాలి, ఆరు ఈఎంఐలకు సరిపడా సొమ్ము విడిగా ఉంచుకోవాలి. అదనంగా కట్టేటప్పుడు ఈఎంఐ తగ్గించవద్దు, గడువు తగ్గించండి అని రాసి ఇవ్వండి, లేకపోతే ఆదాలో పెద్ద భాగం జారిపోతుంది.

ప్రామాణిక రేటు మీద బ్యాంకు కలుపుకునే శాతాన్ని స్ప్రెడ్ అంటారు. కొత్తవారికి తక్కువ స్ప్రెడ్‌తో రుణమిస్తూ పాతవారిని పాత స్ప్రెడ్ మీదే ఉంచడం మామూలు. 44 లక్షల బకాయి మీద అర శాతం తగ్గినా మొదటి ఏడాదే 22 వేలు మిగులుతాయి. వేరే బ్యాంకుకు మారే ముందు మీ బ్యాంకునే తగ్గించమని అడగండి; అలా తగ్గించడానికి తీసుకునే కన్వర్షన్ ఫీజు ఎంతో తెలుసుకుని, మారితే మళ్లీ అయ్యే ప్రాసెసింగ్, తాకట్టు ఖర్చులతో పోల్చుకోండి. మారినప్పుడు గడువును మళ్లీ ఇరవై ఏళ్లకు సాగదీయనివ్వకండి.

చివరి పని అప్పు తీరాక ఉంటుంది. పూర్తిగా చెల్లించిన 30 రోజుల్లోపు అసలు దస్తావేజులు తిరిగి ఇవ్వాలని, తన కారణంగా ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున రుణ సంస్థ పరిహారం కట్టాలని 2023 డిసెంబరు 1 నుంచి నిబంధన అమల్లో ఉంది. దస్తావేజులు చేతికి వచ్చినా తాకట్టు నమోదు సబ్‌రిజిస్ట్రార్ పుస్తకాల్లో ఇంకా ఉంటుంది. బ్యాంకు చేత దాన్ని రద్దు చేయించి, కొన్నాళ్ల తర్వాత ఈసీ (ఆస్తి మీద నమోదైన లావాదేవీలు చూపే ఎన్‌కంబ్రెన్స్ సర్టిఫికెట్) తీసి చూడండి. తాకట్టు నమోదు కింద దాని రద్దు కూడా ఎక్కితేనే ఆ రుణం ఖాతా ముగిసినట్టు.