మచు పిచ్చుకి ఒక్కరోజు నడక: బయల్దేరే ముందు చూసుకోవాల్సినవి

పెరూలో ఇన్కాల కాలం నాటి శిథిల నగరం మచు పిచ్చుకి నడిచి వెళ్లే దారుల్లో అందరూ విన్నది నాలుగు రోజుల ఇన్కా ట్రెయిల్. అంత సెలవు దొరకని వాళ్లు దాని చివరి భాగం ఒక్కటే నడవచ్చు. తెల్లవారుజామున ఒయాంటాయ్‌టాంబో అనే ఊళ్లో రైలెక్కి, రైలుదారిలో 104వ కిలోమీటరు దగ్గర దిగాలి. అక్కడి నుంచి చాచాబాంబా, విన్యాయ్ వాయ్‌నా శిథిలాల మీదుగా కొండెక్కి, ఇంతి పుంకు అనే సూర్యద్వారం దాటి, మధ్యాహ్నం మచు పిచ్చులోకి దిగుతారు. మొత్తం పది పన్నెండు కిలోమీటర్లు ఉంటుంది, ఆరేడు గంటలు పడుతుంది. గైడ్ లేకుండా పంపరు.

"ఒక్కరోజే కదా" అనుకోవడంతోనే చిక్కు మొదలవుతుంది. నాలుగు రోజుల నడకకి వెళ్లేవాళ్లు నెలల ముందు నుంచే తయారవుతారు. ఒక్కరోజు నడకకి వచ్చేవాళ్లలో నిన్న విమానం దిగి ఇవాళ రైలెక్కేవాళ్లుంటారు. అందుకే నేను ఎవరికైనా మొదట చెప్పేది నడక గురించి కాదు, దానికి ముందు రెండు రాత్రులు ఎక్కడ పడుకుంటారన్నదాని గురించి.

కుస్కోలో కాదు, లోయలో పడుకోండి

ఈ నడకలో అన్నిటికన్నా ఎత్తైన చోటు ఇంతి పుంకు, సుమారు 2,700 మీటర్లు. మొదలుపెట్టే చోటు 2,100 మీటర్ల పైచిలుకు. కానీ విమానం దిగే కుస్కో ఊరు 3,400 మీటర్ల ఎత్తులో ఉంది! అంటే కొండ ఎక్కే రోజు కన్నా హోటల్ గదిలో పడుకున్న రాత్రే ఎక్కువ ఎత్తులో ఉంటాం. సముద్రమట్టాన ఉన్న లిమాలో విమానమెక్కితే గంటన్నర లోపే కుస్కోలో ఉంటాం. అక్కడ ఒక్కో శ్వాసకి అందే ఆక్సిజన్ లిమాలో అందేదాంట్లో మూడింట రెండు వంతులే. శరీరం అంత త్వరగా సర్దుకోదు.

అందుకని కుస్కో విమానాశ్రయం నుంచి అదే రోజు కారులో ఉరుబాంబాకో, ఒయాంటాయ్‌టాంబోకో దిగిపోండి. రెండూ లోయలోని ఊళ్లే, 2,800 మీటర్ల చుట్టుపక్కల ఉన్నాయి. దారిలో చించేరో వస్తుంది. చూడదగ్గ ఊరే కానీ 3,700 మీటర్లు దాటిన ఎత్తు, మొదటి రోజు అక్కడ ఎక్కువసేపు ఆగొద్దు. లోయలో రెండు రాత్రులు గడిపి, నడక అయ్యాక తిరుగు ప్రయాణంలో కుస్కో తీరిగ్గా చూసుకోండి. రైలు బయల్దేరేది ఒయాంటాయ్‌టాంబో నుంచే కాబట్టి అర్ధరాత్రి లేచి పరుగులు పెట్టే బాధ కూడా తప్పుతుంది.

తిరుమల మెట్లు ఆగకుండా ఎక్కేవాళ్లు మనలో చాలామంది ఉన్నారు. ఆ అలవాటు మోకాళ్లకీ పిక్కలకీ బ్రహ్మాండంగా పనికొస్తుంది. కానీ తిరుమల కొండ వెయ్యి మీటర్ల లోపే. పలచని గాలికి అది సాధన కాదు. జిమ్ములో ఎంత పరిగెత్తినా అంతే. ఇరవై ఐదేళ్ల కుర్రాడు పడుకుండిపోయి, వాళ్ల నాన్నగారు హాయిగా తిరగడం ఇక్కడ మామూలే.

తలనొప్పి, వికారం, ఆకలి లేకపోవడం, నిద్ర పట్టకపోవడం ఎత్తు పడట్లేదనడానికి తొలి గుర్తులు. ఇవి కనిపిస్తే ఆ రోజు ఇంకా పైకి వెళ్లకుండా నీళ్లు తాగుతూ విశ్రాంతి తీసుకోవాలి. మద్యం, నిద్రమాత్రలు మొదటి రెండు రాత్రులు మానేయండి. కూర్చున్నా ఆయాసం తగ్గకపోయినా, దగ్గు పట్టుకున్నా, మాట తడబడినా, నడకలో తూలు వచ్చినా అది ఇక మామూలు తలనొప్పి కాదు, ప్రాణం మీదికొచ్చిన విషయం. తెల్లారేదాకా చూద్దామనుకోకండి. వెంటనే కిందికి దింపాలి, డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లాలి.

డయామాక్స్ అనే అసిటజోలమైడ్ మాత్ర చాలామందికి పనిచేస్తుంది. ఎత్తుకి చేరే ముందు రోజు నుంచే మొదలుపెడతారు. సల్ఫా మందులు పడనివాళ్లు, కిడ్నీ సమస్య ఉన్నవాళ్లు డాక్టర్ని అడగకుండా ముట్టుకోవద్దు. వేళ్లు తిమ్మిరెక్కినట్టు ఉండటం, మాటిమాటికీ మూత్రానికి వెళ్లాల్సి రావడం దీనితో మామూలే. ఇది ముందే తెలియక టెన్షన్ పడేవాళ్లున్నారు. ఇంట్లో ఉండగానే డాక్టర్ సలహాతో ఒకటి రెండు రోజులు వేసుకుని చూస్తే మంచిది.

ప్రతి హోటల్లోనూ కోకా ఆకుల టీ ఇస్తారు. పెరూలో అది చట్టబద్ధమే, వేడివేడిగా తాగితే ఒంటికి హాయిగానే ఉంటుంది. కానీ తర్వాత డ్రగ్ టెస్ట్ చేస్తే అందులో కొకైన్ పాజిటివ్ అని రావచ్చు. ఉద్యోగంలో అలాంటి పరీక్షలు ఉన్నవాళ్లు ఒక్క కప్పు కూడా తాగొద్దు. ఆకులు గానీ, టీ పొట్లాలు గానీ అమెరికాకీ ఇండియాకీ తీసుకురావడం నేరం.

కాగితాల దగ్గర

పర్మిట్లు రోజుకి ఇంతమందికే అని పరిమితి ఉంది. గుర్తింపు ఉన్న ఏజెన్సీ ద్వారానే తీసుకోవాలి, ఒకరి పేరున తీసుకున్నది ఇంకొకరికి మార్చరు. 104వ కిలోమీటరు దగ్గర చెక్‌పోస్టులో పర్మిట్ మీది పేరునీ నంబరునీ పాస్‌పోర్టుతో సరిచూస్తారు. ఫొటోకాపీ చూపిస్తే ఒప్పుకోరు. మన పేర్లతో ఇక్కడే తంటా. ఒకరి పాస్‌పోర్టులో ఇంటిపేరు పూర్తిగా ఉంటుంది, ఇంకొకరికి సర్‌నేమ్ గడి ఖాళీగానే ఉంటుంది. ఫేస్‌బుక్‌లో రాసుకునే పేరో, ఆఫీసులో పిలిచే పేరో ఇవ్వకుండా, పాస్‌పోర్టులో ఉన్నది అక్షరం పొల్లుపోకుండా ఏజెన్సీకి పంపండి. బుక్ చేశాక పాస్‌పోర్టు రెన్యువల్ అయితే వాళ్లకి వెంటనే చెప్పి, పాతదీ కొత్తదీ రెండూ వెంట తీసుకెళ్లండి.

భారత పాస్‌పోర్టు ఉన్నవాళ్లు ఇంకొకటి చూసుకోవాలి. ఎల్లో ఫీవర్ ఉన్న దేశాల జాబితాలో ఇండియా పెరూని చేర్చింది. ఈ నడక వరకే అయితే ఆ జబ్బు భయం లేదు. కానీ పెరూ నుంచి బయల్దేరి ఆరు రోజుల లోపు ఇండియాలో దిగితే టీకా సర్టిఫికెట్ అడుగుతారు, లేకపోతే క్వారంటైన్‌లో పెట్టవచ్చు. టీకా కనీసం పది రోజుల ముందు వేయించుకోవాలి. హైదరాబాద్‌లో నారాయణగూడ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ ప్రివెంటివ్ మెడిసిన్‌లో వేస్తారు. అరవై దాటిన వాళ్లకి ఈ టీకాతో కొంత ప్రమాదం ఉంది కాబట్టి అమ్మానాన్నల విషయంలో డాక్టర్‌తో మాట్లాడాకే నిర్ణయించండి.

ఎప్పుడు వెళ్లాలి

మే నుంచి సెప్టెంబరు దాకా పొడి కాలం. నవంబరు నుంచి మార్చి దాకా వానలు. అమెరికాలో ఉండేవాళ్లకి డిసెంబరు సెలవులు సరిగ్గా వానల్లో పడతాయి. నాలుగు రోజుల దారిని ఏటా ఫిబ్రవరిలో మూసేస్తారంటేనే అప్పటి పరిస్థితి అర్థం చేసుకోవచ్చు. 2010 జనవరిలో కుండపోత వానలకి రైలు పట్టాలు కొట్టుకుపోయి, కొండ కింద అగ్వాస్ కాలియెంతెస్‌లో వేలమంది ఇరుక్కుపోతే హెలికాప్టర్లలో తరలించారు. ఇదే ట్రెయిల్ మీద కొండచరియ విరిగిపడి ఒక యాత్రికురాలు, ఒక గైడ్ చనిపోయారు. అగ్వాస్ కాలియెంతెస్‌కి బయటి నుంచి రోడ్డు లేదు. వానాకాలంలో తప్పనిసరిగా వెళ్లాల్సి వస్తే తిరుగు విమానానికి ముందు రెండు రోజులు ఖాళీ ఉంచుకోండి. గైడ్ వద్దన్న రోజు వాదించకండి.

దారిలో

104 దగ్గర పెద్ద స్టేషన్ ఏమీ ఉండదు. రైలు కాసేపే ఆగుతుంది కాబట్టి గైడ్ చెప్పిన బోగీలోనే కూర్చుని, బ్యాగు ముందే భుజానికి తగిలించుకుని సిద్ధంగా ఉండాలి. నది మీద వంతెన దాటాక చెక్‌పోస్టు, ఆ పక్కనే చాచాబాంబా. ఇన్కాలు రాతిలో కట్టిన స్నానఘట్టాలు ఇక్కడ చూడొచ్చు.

అక్కడి నుంచి విన్యాయ్ వాయ్‌నా దాకా మూడు గంటల ఎక్కుడు, నీడ తక్కువ. భూమధ్యరేఖకి దగ్గర, పైగా ఎత్తు. గాలి చల్లగా ఉన్నా ఎండ చర్మాన్ని మాడ్చేస్తుంది. టోపీ, సన్‌స్క్రీన్, పొడుగు చేతుల చొక్కా ఉండాల్సిందే. దారిలో కొనుక్కోవడానికేమీ దొరకదు. మనిషికి రెండు మూడు లీటర్ల నీళ్లు మోయాలి, అవి కూడా మళ్లీ వాడే సీసాలో. శాకాహారులు బుకింగప్పుడే "సిన్ కార్నే, సిన్ పోయో, సిన్ పెస్కాదో" (మాంసం వద్దు, కోడి వద్దు, చేప వద్దు) అని స్పానిష్‌లో విడివిడిగా రాయించండి. ఒట్టి వెజిటేరియన్ అంటే చికెన్ పెట్టే అవకాశం ఉంది.

విన్యాయ్ వాయ్‌నా చేరేసరికి కళ్లు చెదురుతాయి. నదికేసి ఒరిగిన కొండ ఒంపులో వరసగా దిగే మడికట్లు, వాటి పక్కన మెట్లవెంట ఒకదాని కింద ఒకటిగా రాతి జలధారలు. నాకు మచు పిచ్చు కన్నా ఇదే ఎక్కువ నచ్చింది. జాగ్రత్త ఎక్కువ కావాల్సిందీ ఇక్కడే. మడికట్ల అంచుకి రెయిలింగ్ ఉండదు, కాళ్లు అప్పటికే అలిసి ఉంటాయి, అందరికీ ఫొటో కావాలి. ఫోన్ చూస్తూ ఒక్క అడుగు కూడా వెనక్కి వేయకండి. కూర్చుని, తిని, నీళ్లు తాగి, ఆ తర్వాత ఫొటోలు తీసుకోండి. టాయిలెట్ ఇక్కడ వాడుకోవడం మంచిది, మచు పిచ్చు లోపల లేదు.

ఆ తర్వాత దారి చాలావరకు సాఫీగానే సాగి, ఇంతి పుంకు ముందు ఒక్కసారిగా నిలువు మెట్లు వస్తాయి. యాభై దాకా ఉంటాయి, ఎత్తుగా, ఇరుగ్గా, పాదం పూర్తిగా పట్టనివి. నడక కర్రలు బ్యాగుకి కట్టేసి చేతులతో పై మెట్టు పట్టుకుంటూ ఎక్కాలి. ముందు మనిషి పైకి చేరాకే తర్వాతి మనిషి మొదలుపెట్టాలి. దారి ఇరుకైన చోట ఎదురొచ్చేవాళ్లకి తప్పుకోవాల్సి వస్తే ఎప్పుడూ కొండవైపే నిలబడండి, లోయవైపు కాదు. సూర్యద్వారం నుంచి మచు పిచ్చుకి గంట దిగుడు. మోకాళ్లు నొప్పెట్టేది ఇక్కడే, కర్రలు మళ్లీ తీయండి. వాటికి రబ్బరు తొడుగులు లేకపోతే అనుమతించరు. మచు పిచ్చు నుంచి కింద అగ్వాస్ కాలియెంతెస్‌కి వెళ్లే ఆఖరి బస్సు సాయంత్రం అయిదున్నర ప్రాంతంలో ఉంటుంది, అది తప్పితే చీకట్లో మెట్లదారిన ఇంకో గంట పైగా దిగాలి.

బ్యాగు చిన్నది చాలు. మచు పిచ్చులోకి 40, 35, 20 సెంటీమీటర్ల కొలత దాటిన బ్యాగు రానివ్వరు, డ్రోన్ అసలే రానివ్వరు. రెయిన్‌కోట్, ముందే అలవాటైన బూట్లు, దోమల మందు ఉంటే చాలు. అక్కడి చిన్న నల్ల ఈగలు కుడితే వారం దాకా దురద పోదు. బీపీ, షుగర్ మందులు పెద్ద సూట్‌కేసులో కాకుండా వీపు మీది బ్యాగులోనే ఉండాలి. ఇన్సులిన్ తీసుకునేవాళ్లు నడిచే రోజు డోసు ఎంతో డాక్టర్‌ని ముందే అడగాలి. షుగర్ పడిపోతే తినడానికి గ్లూకోజ్ జేబులో పెట్టుకోవాలి. ట్రెయిల్ మీద కాలు విరిగితే మోసుకుని రైలు పట్టాల దాకా తీసుకురావడం తప్ప దారి లేదు. మీ ట్రావెల్ ఇన్సూరెన్స్ ట్రెక్కింగ్‌కి, అత్యవసర తరలింపుకి వర్తిస్తుందో లేదో పాలసీలో చదివి చూసుకోండి.

మోకాళ్ల నొప్పులున్న అమ్మనో, గుండెకి స్టెంట్ వేయించుకున్న మామయ్యగారినో మొహమాటంతో ఈ దారి ఎక్కించకండి. వాళ్లకి అగ్వాస్ కాలియెంతెస్ దాకా రైలు, అక్కడి నుంచి మచు పిచ్చుకి బస్సు ఉన్నాయి. రెండు రోజుల ప్యాకేజీ అయితే మర్నాడు అందరూ కలిసే శిథిలాలు చూడొచ్చు. వాళ్ల ప్రవేశ టికెట్ మీ ట్రెక్ పర్మిట్‌లో రాదు, అదే రోజుకి, అదే సర్క్యూట్‌కి (శిథిలాల లోపల తిరిగే నిర్ణీత దారికి) విడిగా కొనాలి. మీరు కొండ మీద ఉన్నంతసేపూ ఫోన్ సిగ్నల్ సరిగా ఉండదు కాబట్టి హోటల్ పేరు, ఏజెన్సీ నంబరు, మీరు ఎన్ని గంటలకి దిగుతారన్నది కాగితం మీద రాసి వాళ్ల చేతికివ్వండి.