పాశ్చాత్య సంగీతం వినడం నేర్చుకుందాం – 5వ పాఠం: ఓబో కుర్చీ, కండక్టర్ పీట

పోయిన పాఠంలో వయొలిన్ల గుంపులో మొదటి వరసను, రెండో వరసను విడదీసి వినడం మొదలుపెట్టాం. వారమంతా కుస్తీ పట్టినా రెండూ కలగలిసిపోయే వినిపించాయా? దిగులు పడకండి, అది నెలల తరబడి పట్టే పని. ఈ పాఠం దానికంటే సులువు. ఈసారి పట్టుకోవాల్సిన గొంతు ఒక్కటే, పైగా ఎంత గుంపులో ఉన్నా దాక్కోలేని గొంతు.

ఏదైనా ఆర్కెస్ట్రా కచ్చేరీ వీడియో తెరవండి. శ్రుతి చేసుకునే భాగాన్ని కత్తిరించనిది కావాలి. అందరూ సర్దుకుని కూర్చున్నాక మధ్యలోంచి ఒక్క వాద్యం ఒక్క స్వరాన్ని నిలబెట్టి ఊదుతుంది. మిగతావాళ్లంతా దానికి శ్రుతి కలుపుకుంటారు. ఆ ఊదేది ఓబో. ఆ స్వరాన్ని వాళ్లు ‘ఎ’ అంటారు. అంతర్జాతీయ ప్రమాణం సెకనుకు 440 కంపనాలు, కొన్ని ఆర్కెస్ట్రాలు ఇంకాస్త పైన పెట్టుకుంటాయి. మన కచ్చేరీలో తంబూరా చివరిదాకా వెనకాల మోగుతూనే ఉంటుంది. ఇక్కడ అలా కాదు. ఒకసారి శ్రుతి ఇచ్చి వదిలేస్తారు, ఆ తర్వాత ఎవరి చెవికి వాళ్లే కాపలా.

ఆ పది సెకన్లను ఇవాళ పదిసార్లు వినండి. ఇంకేమీ వినొద్దు. కాస్త ముక్కుతో పలికినట్టు, సన్నగా, అంచు పదునుగా ఉండే ఆ ధ్వని చెవిలో దిగాలి.

పెళ్లిళ్లలో సన్నాయి విని పెరిగినవాళ్లకు ఇది పూర్తిగా పరాయి ధ్వని అనిపించదు. ఎందుకంటే రెండింటిదీ ఒకటే కుటుంబం. నోట్లో పెట్టుకునే చోట రెండు పలుచని రేకులు ఒకదానికొకటి ఆనుకుని ఉంటాయి, గాలి వాటి మధ్య నుంచి దూరుతూ వాటిని అదిరిస్తుంది. ఓబో రేకులను వెదురులా బోలుగా పెరిగే ఒక గడ్డి కాడ నుంచి చేస్తారు. దక్షిణ ఫ్రాన్స్‌లో పెరిగే కాడకు మంచి పేరు. బాగా వాయించేవాళ్లలో చాలామంది ఆ రేకులను తామే కత్తితో చెక్కుకుంటారు. రోజూ సాధన కంటే చెక్కుడుకే ఎక్కువ సమయం పోతుందని వాళ్ల మొర.

ఇంకో తమాషా. వేణువు వాయించేవాళ్లకు గాలి చాలదు. ఓబోలో సందు ఎంత ఇరుకంటే, ఊపిరితిత్తుల్లో గాలి ఇంకా మిగిలి ఉండగానే అది వాడిన గాలైపోతుంది. అందుకని ముందు పాత గాలి వదలాలి, తర్వాత కొత్త గాలి పీల్చాలి. పొడవాటి ఓబో పలుకు అయిపోయిన వెంటనే చెవి పెట్టి వినండి, ఒక్కోసారి ఆ నిట్టూర్పు రికార్డింగులో కూడా దొరుకుతుంది.

ఇప్పుడు బేతోవెన్ ఐదో సింఫనీ మొదటి భాగం పెట్టండి. ‘టటట టా’ అని అందరికీ తెలిసిందే. దాదాపు నాలుగున్నర నిమిషాల దగ్గర, అంత హడావిడీ ఉన్నట్టుండి ఆగిపోతుంది. ఒంటరిగా ఒక ఓబో తాళాన్ని పక్కన పెట్టి నెమ్మదిగా ఒక చిన్న పలుకు పలుకుతుంది. మళ్లీ తుఫాను. పదీ పన్నెండు సెకన్ల ఆ పలుకు దొరికిందంటే ఈ పాఠంలో సగం వచ్చేసినట్టే.

మిగతా సగం కోసం ఒక మనిషి జీవితాన్ని వాడుకుందాం: ఓబో కుర్చీలోంచి లేచి కండక్టర్ అయిన చార్లెస్ మకెరస్. 1925లో అమెరికాలో పుట్టినా తల్లిదండ్రులు ఆస్ట్రేలియన్లు, పెరిగింది సిడ్నీలో. ఇరవై నిండకముందే అక్కడి సింఫనీ ఆర్కెస్ట్రాలో ప్రధాన ఓబో అయ్యాడు. ఆ కుర్చీ ఎక్కడుంటుందో మీ వీడియోలో చూడండి. నట్టనడుమ, ముందు నిలబడి అందరినీ నడిపించే కండక్టర్‌కు ఎదురుగా. ముందు తీగ వాద్యాలు, పక్కన ఫ్లూట్లు, వెనక వరసలో క్లారినెట్లు, వాటి వెనక ఇత్తడి వాద్యాలు. ఓబోకు పని లేని చోట లెక్కపెట్టుకుంటూ కూర్చోవాలి, లెక్క తప్పకూడదంటే చుట్టూ ఎవరు ఏం వాయిస్తున్నారో వింటూనే ఉండాలి. కండక్టర్ చేసే పని ఇదే కదా, కాకపోతే నిలబడి చేస్తాడు. (బస్సు కండక్టర్ కూడా నిలబడే చేస్తాడు, అది వేరే సంగతి.)

1947లో ఇంగ్లండ్ వెళ్లి లండన్‌లో సాడ్లర్స్ వెల్స్ ఆపెరా (పాటలతో నడిచే నాటకం) సంస్థ ఆర్కెస్ట్రాలో వాయించాడు. ఒకరోజు కాఫీ హోటల్లో చెక్ స్వరకర్త ద్వొర్జాక్ స్వరలిపి ముందేసుకుని చదువుకుంటుంటే, పక్కనున్న చెక్ దేశస్థుడు మాట కలిపాడు. ప్రాగ్‌లో చదువుకోవడానికి స్కాలర్‌షిప్ ఉందన్న కబురు అలా తెలిసింది. వెళ్లి అక్కడి కండక్టర్ వాట్స్‌లావ్ తాలిహ్ దగ్గర కండక్టింగ్ నేర్చుకున్నాడు. అక్కడే ఇంకో చెక్ స్వరకర్త యానాచెక్ ఆపెరాలు విని పిచ్చెక్కిపోయాడు. తిరిగొచ్చి 1951లో యానాచెక్ ఆపెరా ‘కాత్యా కబనోవా’ను బ్రిటన్‌లో మొదటిసారి నడిపాడు. ఆ తర్వాతి పదవులు, సర్ బిరుదు చాలా ఉన్నాయి, మన పాఠానికి అవన్నీ అక్కర్లేదు. 1973లో సిడ్నీ ఆపెరా హౌస్ కొత్తగా తెరిచినప్పుడు, తను ఓబో పట్టుకుని మొదలుపెట్టిన ఆ ఆర్కెస్ట్రాకే అక్కడి ప్రారంభ కచ్చేరీ నడిపాడని మాత్రం గుర్తుంచుకోండి.

మనకు కావాల్సింది 1959 ఏప్రిల్‌లో ఒక రాత్రి.

హాండెల్ 1749లో లండన్‌లో బాణసంచా ఉత్సవం కోసం సంగీతం రాశాడు. తీగ వాద్యాలు వద్దు, యుద్ధ వాద్యాలు కావాలని రాజుగారి పట్టు. దాంతో హాండెల్ 24 ఓబోలు పెట్టాడు. ఆరుబయట, వేల మంది జనం, టపాకాయల మోత. అక్కడ వయొలిన్ ఏం వినిపిస్తుంది? ఊరేగింపులో వీణ వాయించరు, సన్నాయే ఊదుతారు. తర్వాతి కాలంలో జనానికి అలవాటైంది మాత్రం హాండెల్ తీగ వాద్యాలు చేర్చిన రూపం. పాత రూపాన్ని పాత బలగంతో వినిపించాలని మకెరస్ పట్టుపట్టాడు. ఈసారి 26 ఓబోలు. అంతమంది వాయిద్యకారులు ఒకచోట ఖాళీగా దొరికేది ఎప్పుడు? లండన్‌లో కచ్చేరీలు, ఆపెరాలు అన్నీ అయిపోయాక, అర్ధరాత్రి. హాండెల్ చనిపోయి సరిగ్గా 200 ఏళ్లయిన రాత్రి కూర్చుని రికార్డు చేశారు. ఓబో వాయించినవాడికి తప్ప ఇంకెవరికీ ఈ యావ పుట్టదని నాకనిపిస్తుంది.

ఆ రికార్డింగు వెతికి పెట్టుకోండి. మొదటి రెండు నిమిషాలు వినగానే బేతోవెన్‌లోని ఒంటరి ఓబోకు తిరిగి వెళ్లండి. అక్కడ ఒక్క గొంతు. ఇక్కడ అదే గొంతు పాతిక రెట్లు. గుంపైతే ఆ పదును తగ్గిందా, పెరిగిందా? మీ నోటుబుక్కులో ఒక్క వాక్యం రాయండి, తప్పో ఒప్పో చూడొద్దు.

ఒక హెచ్చరిక. ద్వొర్జాక్ తొమ్మిదో సింఫనీ రెండో భాగంలో వచ్చే ఆ ప్రసిద్ధమైన నెమ్మది పాటను ఓబో అనుకోకండి. నేను చాలాకాలం అనుకున్నాను, నలుగురికి చెప్పాను కూడా. అది కోర్ ఆంగ్లే, ఓబోకు అక్కలాంటిది, కాస్త పొడుగు, గొంతు కాస్త కింద. ఇంటిపని అదే: ఆ పాట ఒకసారి, బ్రామ్స్ వయొలిన్ కాన్చెర్టో (ఒక వాద్యానికి పెద్దపీట వేసి ఆర్కెస్ట్రాతో నడిపే రచన) రెండో భాగం మొదలు ఒకసారి. బ్రామ్స్‌లో వయొలిన్ విద్వాంసుడు చేతులు కట్టుకుని నిలబడి ఉండగా, దాదాపు రెండు నిమిషాలు పాటంతా ఓబోదే. రెంటినీ వరసగా మూడు రోజులు వినండి. నాలుగో రోజు ఇంట్లో ఎవరినైనా చెప్పకుండా ఒకటి పెట్టమని అడిగి, కళ్లు మూసుకుని అది ఓబోనో, కోర్ ఆంగ్లేనో చెప్పండి.

వచ్చే పాఠం ఇత్తడి వాద్యాలు. దానికి యానాచెక్ ‘సింఫొనియెట్టా’ కావాలి, వియన్నా ఫిల్హార్మానిక్‌తో మకెరస్ చేసిన రికార్డింగు దొరికితే అదే తెచ్చుకోండి.