పాత గేమ్ బాయ్‌లో కొత్త గేమ్ ఆడాలంటే

1989లో నింటెండో తెచ్చిన, చేతిలో పట్టుకుని ఆడే గేమ్ మెషీన్ గేమ్ బాయ్. దాని తయారీ 2003లో ఆగిపోయింది. గేమ్స్ మాత్రం ఆగలేదు. జీబీ స్టూడియో అనే ఉచిత సాఫ్ట్‌వేర్ వచ్చాక, కోడింగ్ రానివాళ్లు కూడా దీనికి గేమ్స్ చేస్తున్నారు. ఇచ్.ఐఓ (itch.io) సైట్‌లో వెతికితే బోలెడు దొరుకుతాయి, చాలావరకు ఉచితమే.

డౌన్‌లోడ్ చేసేముందు ఒకటి చూసుకోండి. తర్వాత వచ్చిన రంగుల మోడల్ గేమ్ బాయ్ కలర్‌కి మాత్రమే చేసిన గేమ్ పాత బూడిదరంగు మెషీన్‌లో ఆడదు. నేను ఇది చదవకుండానే ఒకటి కొన్నాను. అది ఇప్పటికీ అలానే పడి ఉంది.

తర్వాత ఫ్లాష్ కార్ట్రిడ్జ్ కావాలి, అంటే మెమరీ కార్డ్‌లో వేసిన గేమ్స్‌ని గేమ్ బాయ్‌లో ఆడించే కార్ట్రిడ్జ్. మెమరీ కార్డ్‌ని సాధారణంగా కంప్యూటర్‌లో ఫ్యాట్32 (FAT32) అనే పద్ధతిలో ఫార్మాట్ చేసి, గేమ్ ఫైల్ అందులో వేసి, కార్ట్రిడ్జ్‌లో పెడితే చాలు. అసలు టెన్షన్ సేవ్ దగ్గరే. కొన్ని పాత రకం కార్ట్రిడ్జ్‌లలో గేమ్‌లో సేవ్ కొట్టినంత మాత్రాన అది మెమరీ కార్డ్‌లోకి చేరదు. రీసెట్ నొక్కి మెనూకి వెళ్లాకే రాసుకుంటుంది. ఇది తెలియక మూడు గంటల ఆట పోగొట్టుకున్నాను. అందుకే కొత్త కార్ట్రిడ్జ్ రాగానే రెండు నిమిషాలు ఆడి, సేవ్ చేసి, ఆపి, మళ్లీ ఆన్ చేసి చూస్తాను.

ఆన్ చేయగానే నింటెండో లోగో బదులు నల్లటి పట్టీ కనిపిస్తే కార్ట్రిడ్జ్‌ని నోటితో ఊదకండి, తేమ చేరుతుంది. ఐసోప్రొపైల్ ఆల్కహాల్ అద్దిన దూదిపుల్లతో కార్ట్రిడ్జ్ పిన్నులు తుడిచి, పూర్తిగా ఆరనివ్వండి. ఆడటం అయ్యాక నాలుగు బ్యాటరీలూ తీసి పక్కన పెట్టేయండి.